పదకొండు సున్నాలు

పన్నెండో ఏడు, 364వ రోజు

ఈ పూట నలభై ఒక్క గడపల పెట్టెలూ తుడిచాను. గాలిలో దుమ్ము ఎక్కువగా ఉంది, గుడ్డ మూడుసార్లు మార్చాల్సి వచ్చింది. పొగమంచును పట్టే మంచువలల్లో ఇంటికి రెండు బిందెల చొప్పున నీళ్ళు పడ్డాయి. సెగరాళ్ళన్నీ మిద్దెల మీద ఎండకు పెట్టే ఉన్నాయి. పొద్దంతా ఎండ తాగిన రాయి మర్నాడు పొయ్యిలో పెడితే ఒక ఇంటి వంటకు సరిపోతుంది. ఎంత సెగ వాడారో గడప పక్కన ఉన్న పెట్టె లెక్క కడుతుంది. దాన్ని నేను నా పుస్తకంలోకి ఎక్కిస్తాను. పన్నెండేళ్ళుగా నా పని ఇదే.

నా పేరు తిక్కమ్మ. పేరు తాత పెట్టిందీ, గుణం నేను సంపాదించుకున్నదీ అంటుంది పక్కింటి సుంకమ్మత్త.

రేపటితో పన్నెండేళ్ళు నిండుతాయి. జలాశయం ఎండిపోయాక మేం ఈ అడుగు మట్టిలోకి దిగినప్పుడు ఇది సర్కారు భూమి. ఇప్పటికీ సర్కారు భూమే. తీర్పుపీఠం పెట్టిన షరతు ఒక్కటే. పన్నెండేళ్ళు ఎడతెగకుండా పొయ్యి వెలిగిన గడపకు అయిదెకరాల పట్టా. వరసగా తొమ్మిది రోజులు దాటి పొయ్యి వెలగకపోతే ఆ గడపను విడిచిపెట్టి పోయినట్టే లెక్క. ఈ మాటలు మా అడుగూరులో చిన్నపిల్లలకు కూడా నోటికి వచ్చు. అవి వలసపోయిన వాళ్ళ కోసం పెట్టిన మాటలు, మాకేమిటి అనుకున్నాం. మేం ఎక్కడికీ పోలేదు.

ఊరి పెద్ద గోవిందప్ప మామ పట్టా దాచుకోవడానికి అప్పుడే ఒక రేకు పెట్టె తెచ్చి పెట్టుకున్నాడు. ఇల్లు అలకగానే పండగ కాదు మామా అన్నాను.

"నీ నోట్లో మన్ను పడ. పొద్దున్నే అపశకునాలు పలకొద్దు మ్మే" అన్నాడు.

పన్నెండో ఏడు, 365వ రోజు

అక్షరాలు వంకరగా ఉంటే ఉండనీ.

పొద్దున్నే అందరం సర్వే చావిడికి వెళ్ళాం. ఊరికి తూర్పున ఉన్న ఒకే ఒక్క సర్కారు కట్టడం అది. అందులో సర్వే ఆఫీసరు శేషఫణి ఒక్కడే ఉంటాడు, చేయి కాల్చుకుని తింటాడు. అడుగు మట్టి మీద ఏ కప్పు లేచినా పెట్టె ఉండాలన్నది రూలు కాబట్టి ఆయన గడపకూ ఒక పెట్టె ఉంది. సర్కారు తరఫున వాదించేదీ ఆయనే.

పీఠం అంటే మనిషి కాదు. చావిడి గోడకున్న జాలీలోంచి వచ్చే గొంతు. మేమూ దాన్ని గొంతు అనే అంటాం. మనం అడగడం పూర్తయ్యేలోగా జవాబు చెబుతుంది. ఒకసారి అన్న మాట వెనక్కు తీసుకోదు, మరుసటి కేసులో అదే మాట మీద నిలబడుతుంది. పోయినేడు గోవిందప్ప మామ సొంత తమ్ముడి మీద గట్టు తగాదా తెస్తే, ఒకే పొయ్యి మీద తినేవాళ్ళ గొడవ ఈ పీఠం వినదు, ఇంట్లో తేల్చుకోండి అని ఒక్క ముక్కలో తోసేసింది.

ఈరోజు పెట్టెలన్నీ ఒకేసారి విప్పి చదివింది. గోడ మీద నలభై ఒక్క దీపాలున్నాయి. పట్టా వచ్చిన గడపకు పచ్చ దీపం వెలగాలి. అయిదు వెలిగాయి. అంతే.

"ముప్పై ఆరు గడపలు మధ్యలో విడిచిపెట్టబడినవి. పట్టాకు అర్హత లేదు" అంది గొంతు.

ఎవరూ అరవలేదు. అరవడానికి కూడా మనిషికి కాస్త తెలివి ఉండాలి. ముందు దీపాలు చెడిపోయాయి అనుకున్నాం. గోవిందప్ప మామ వెళ్ళి తన దీపాన్ని వేలితో తట్టి చూశాడు. శేషఫణి కూడా బిత్తరపోయినట్టే కనిపించాడు. "పెట్టెలు తప్పు చెప్పవండీ. మీ పుస్తకం ఒకసారి చూసుకోండి" అన్నాడు నాతో.

చూసుకున్నాను.

మూడో ఏడు, సుంకమ్మత్త గడప. పదకొండు రోజులు పదకొండు సున్నాలు. పక్కన నా చేతిరాతే: 'చావు'. వాళ్ళాయన దుమ్ము దగ్గుతో పోయిన రోజులవి. నాలుగో ఏడు, గోవిందప్ప గడప. పదకొండు సున్నాలు. చావు. పేజీ తిప్పితే చాలు, ఇంకో పదకొండు సున్నాలు.

చావింట్లో పదకొండో రోజు పెద్దదినం దాకా పొయ్యి వెలిగించకూడదు. ఇరుగుపొరుగు వండి తెచ్చి పెడతారు. అది మా తాతల నుంచి వస్తున్న పద్ధతి. ఆ పద్ధతికీ తొమ్మిది రోజుల రూలుకూ ముడి ఉందని పన్నెండేళ్ళలో నలభై ఒక్క ఇళ్ళలో ఒక్క బుర్రకూ తట్టలేదు. ఆ సున్నాలను రోజుకొకటి చొప్పున నా చేత్తో నేనే పెట్టాను. పెట్టి, గుడ్డ దులుపుకుని, పక్క గడపకు పోయాను.

ఇంకో మాట రాయాలి. పచ్చగా వెలిగిన అయిదు దీపాల్లో నాలుగు, ఇంతవరకు చావు చూడని ఇళ్ళవి. అయిదోది నాది. నా మొగుడు మద్దిలేటి అయిదో ఏట పోయాడు. ఊరంతా నా దీపం వంక చూస్తుంటే దొంగకు తేలు కుట్టినట్టు నిలబడ్డాను.

పదమూడో ఏడు, 2వ రోజు

నిజం ఇక్కడైనా రాస్తాను. మద్దిలేటి పోయిన నాలుగో రోజు పొద్దున నాకు టీ తాగాలనిపించింది. జ్వరం లేదు, పసిబిడ్డ ఆకలీ లేదు. ఒక గ్లాసు వేడి టీ కావాలనిపించింది, అంతే. తలుపు మూసి పొయ్యి వెలిగించాను. పెట్టె నాలుగు అంకె చూపించింది. పుస్తకంలో నేను సున్నా రాశాను. ఆ నాలుగు వల్లనే నా పదకొండు రోజులు మూడుగా, ఏడుగా విరిగాయి, తొమ్మిది దాటలేదు. మిగతా ఊరు పద్ధతి తప్పలేదు కాబట్టి భూమి పోయింది. నేను తప్పాను కాబట్టి నాకు వచ్చింది. ఇంతకంటే సిగ్గుచేటు ఇంకేముంటుంది.

సుంకమ్మత్త మధ్యాహ్నం వచ్చి గడప మీద కూచుంది. డెబ్బై నాలుగేళ్ళ మనిషి, తనూ దగ్గుతోంది. మద్దిలేటి పోయినప్పుడు పదకొండు రోజులూ నాకు అన్నం మోసింది ఆమే.

"పోనీలే పాపా, నీకన్నా వచ్చె. నన్ను వెళ్ళగొడితే నీ వసారాలో పడుంటా. రోంత చోటియ్యవా?" అంది.

ఆమె వెళ్ళాక పుస్తకం తీసి గోడకు విసిరికొట్టాను. మళ్ళీ నేనే వెళ్ళి తెచ్చుకున్నాను. అది నేను విప్పి పెట్టుకున్న మూడో ఏటి పేజీలోనే తెరుచుకుంది. సుంకమ్మత్త సున్నాల పక్క వరసలో నా గడప లెక్క ఉంది. మామూలుగా రోజుకు నలభై. ఆ పదకొండు రోజులూ అరవై, అరవై రెండు, యాభై తొమ్మిది.

ఎందుకు పెరిగిందో నాకు తెలియకపోతే ఇంకెవరికి తెలుస్తుంది. ఆమెకు వండింది నేనే. గబగబా మిగతా పేజీలు తిప్పాను. ఎక్కడ సున్నాలుంటే వాటి పక్క గడపలో ఆ రోజుల్లో ఇరవై ఎక్కువ. ముప్పై ఆరు ఇళ్ళకూ అంతే. పొయ్యి ఆరలేదు. పక్కింట్లో వెలిగింది.

పుస్తకం పీఠం ముందు పెడితే ఊరు బతుకుతుంది. పెడితే శేషఫణి ప్రతి వరసనూ పెట్టెతో సరిచూస్తాడు. నా సున్నా బయటపడుతుంది.

పదమూడో ఏడు, 6వ రోజు

పెట్టాను.

శేషఫణికి ఆ వరస దొరకడానికి రెండు గంటలు పట్టింది. "తిక్కమ్మగారూ, అయిదో ఏడు 118వ రోజు. పుస్తకంలో సున్నా. మీ గడప పెట్టెలో నాలుగు. ఏదండీ నిజం?" అన్నాడు.

ఊరంతా నా వెనకే ఉంది.

"పెట్టే నిజం సారూ. నా మొగుడు పోయిన నాలుగో దినం పొయ్యి ముట్టించినా. టీ పెట్టుకున్న్యా. నామోషీకి సున్నా రాసినా."

వెనక ఎవరో ఛీ అన్నారు. గోవిందప్ప మామ మాత్రం మెల్లగా, "టీకేనా మ్మే?" అన్నాడు. టీకే మామా అన్నాను.

శేషఫణి తలెత్తి జాలీ వైపు చూశాడు. "ఒక్క వరస అబద్ధం రాసిన పుస్తకాన్ని సాక్ష్యంగా తీసుకోకూడదని సర్కారు వాదన" అన్నాడు. అది ఆయన పని, చేయాలి. కానీ ఆ మాట అంటున్నప్పుడు నా మొహం చూడలేదు.

"పుస్తకం అక్కర్లేదు. పక్క గడపల పెట్టెలు నేనే చదివాను. ఆమె చెప్పిన ఇరవై వాటిలోనూ ఉంది. తీర్పు మూడు రోజులకు" అంది గొంతు.

తిరిగొచ్చేటప్పుడు నాతో ఎవరూ నడవలేదు. సుంకమ్మత్త ఒక్కతే వెనకబడి నా చెయ్యి పట్టుకుంది.

"అత్తా, నువ్వు రోజూ అన్నం మోసుకొస్తాంటే నేను లోపల పొయ్యి ముట్టించినా. నన్ను తిట్టు."

"టీ వాసన గోడ దాటి రాదనుకున్న్యావా? ఆ పొద్దే తెలుసు నాకు. మర్సనాడు నుంచి అన్నంతో పాటు చెంబు నిండా టీ ఎందుకు తెస్తినో అడిగినావా ఎప్పుడన్నా?"

ఏడేళ్ళుగా నేను దాచింది ఆమె ఏడేళ్ళుగా దాచింది. రోడ్డు మధ్యలో నిలబడి ఏడ్చాను, ఇంత వయసొచ్చాక.

పదమూడో ఏడు, 9వ రోజు

తీర్పు వచ్చింది. గొంతు అన్న మాటలు అన్నట్టే రాస్తున్నాను.

"చావింటికి వండి పెట్టిన పొయ్యి ఆ ఇంటి పొయ్యే. అందువల్ల ఏ గడపా విడిచిపెట్టబడలేదు."

ఒక్కసారిగా చావిడి దద్దరిల్లింది. గోవిందప్ప మామ నన్ను భుజం పట్టుకుని ఊపేశాడు. నన్ను ఛీ అన్న నోరే ఇప్పుడు తిక్కక్కా అని పిలిచింది. గొంతు ఆగింది, మేం సర్దుకునే దాకా ఓపికగా ఆగి, మళ్ళీ మొదలుపెట్టింది.

"ఈ గడప ఆ గడపకూ, ఆ గడప మరో గడపకూ వండింది. కనుక నలభై ఒక్క గడపలదీ ఒకే పొయ్యి. ఒకే పొయ్యి అంటే ఒకే కుటుంబం. కుటుంబానికి అయిదెకరాలు. మిగతా రెండు వందల ఎకరాలు సర్కారుకు చేరతాయి. నలభై రోజులు గడువు. అంతవరకు పెట్టెల షరతు యథాతథం."

కొండనాలుకకు మందేస్తే ఉన్న నాలుక ఊడింది. నిన్నటి దాకా అయిదు ఇళ్ళకు ఇరవై అయిదెకరాలైనా ఉన్నాయి. నేను తెలివి చూపించాక ఊరు మొత్తం నూట ముప్పై మందికీ కలిపి అయిదెకరాలు. పన్నెండేళ్ళు ఉప్పు మట్టిని బుట్టలతో మోసి, చౌడు కడిగి, జొన్న పండించిన నేల. శేషఫణి చేతిలో కాగితాలు కింద పడితే వాటిని ఏరుకోవడం కూడా మరిచిపోయాడు. గెలిచిన మనిషి మొహంలా లేదు అది.

పదమూడో ఏడు, 21వ రోజు

సుంకమ్మత్త పొద్దున పోయింది. మంచువల దగ్గర బిందె పెట్టి, పక్కనే కూచుని, అలాగే పోయింది. నేనే మొదట చూశాను. నీళ్ళు నిండి పొర్లుతున్నా లేవలేదేమిటని కేక వేశాను.

రాయడానికి ఇంకేం లేదు అనుకున్నాను. ఉంది.

మట్టి చేసి వచ్చాక గోవిందప్ప మామ రచ్చబండ మీద నిలబడ్డాడు. ఆమె గడప పొయ్యి ఆపుదామా వద్దా, పక్కింటి తిక్కమ్మ వండితే లెక్క సరిపోతుంది కదా అని ఎవరో అడిగారు.

"తిక్కమ్మ ఎందుకు వండల్ల? మనదంతా ఒకే కుటుంబమని చెప్పె గదా ఆ గొంతు. సొంత ఇంట్లో చావు జరిగితే ఎవురన్నా పొయ్యి ముట్టిస్తారా? మైల అందరికీ. నా ఇంట్లో ఆపుతాండా. మీ ఇష్టం."

"మామా, పదకొండు దినాలు అన్నీ సున్నాలైతే ఆ అయిదెకరాలూ పోతాయి. అన్నం పెట్టనీకె పక్కిల్లు గూడా ఉండదు మనకి" అన్నాను.

"పోనీ. ఆయమ్మ ఎవురింటికి అన్నం మోయల్యా చెప్పు. అయిదెకరాలకు ఆశపడి ఆ మనిషికి మైల పట్టకుండా ఉంటానా?"

ఇంటికి వచ్చి, పొయ్యిలోంచి సెగరాయి తీసి గడప బయట పెట్టాను. వీధి పొడుగునా అందరూ అదే పని చేస్తున్నారు. నలభై ఒక్క రాళ్ళు బయట పడ్డాయి. మొండివాడు రాజు కంటే బలవంతుడంటారు. ఊరంతా మొండికేస్తే ఏమంటారో నాకు తెలియదు.

పదమూడో ఏడు, 23వ రోజు

నలభై ఒక్క గడపలు. నలభై ఒక్క సున్నాలు. నానబెట్టిన అటుకులు అయిపోయాయి. పిల్లలు పచ్చి జొన్నకంకులు నములుతున్నారు.

మధ్యాహ్నం తూర్పు దారిలో ఒక మనిషి కనిపించాడు. నెత్తి మీద గంప, చేతిలో బకెట్టు. దగ్గరికి వచ్చేదాకా ఎవరో పోల్చుకోలేదు, ఎందుకంటే శేషఫణి నెత్తిన గంప పెట్టుకోగలడని నేను కలలో కూడా అనుకోలేదు. గంపలో అన్నం, బకెట్టులో పప్పు. అన్నం కొంచెం మాడింది.

"సారూ, ఏందిది?"

"మా ఊళ్ళోనూ చావింట్లో పొయ్యి వెలిగించరండీ. పక్కింటివాళ్ళం పట్టుకెళతాం. మీకు పక్కిల్లంటే ఇక నాదొక్కటే కదా."

ఆయన గంప దించుతుంటే అప్పుడు తట్టింది నాకు. చావింటికి వండి పెట్టిన పొయ్యి ఆ ఇంటి పొయ్యే. పీఠం మాట. ఒకసారి అంటే వెనక్కు తీసుకోని మాట.

"సారూ, మీ గడపకూ పెట్టె ఉంది. మీరేం చేస్తాండారో మీకు తెలుసునా?"

"చావింటికి అన్నం తెస్తున్నానండీ" అన్నాడు. గరిటె నా చేతికిచ్చి, చెమట తుడుచుకుని, "మీ పని మీరు చెయ్యండి తిక్కమ్మగారూ. నా పెట్టె లెక్క కూడా రాసుకోండి. ఈసారి సరిగ్గా" అన్నాడు.

పదమూడో ఏడు, 31వ రోజు

ఈరోజు పదకొండోది, పెద్దదినం. ఈ తొమ్మిది రోజులూ చావిడి పొయ్యి పొద్దు పొడిచింది మొదలు పొద్దు గుంకే దాకా ఆరలేదు. సర్వే బృందాల కోసం ఎప్పుడో తెచ్చి పెట్టిన పెద్ద పొయ్యి అది. మా సెగరాళ్ళన్నీ అక్కడికే చేరేశాం, మా బిందెలూ అక్కడే. నూట ముప్పై మందికి ఒక్క మనిషి వండాడు. మూడో రోజుకు మాడు వాసన తగ్గింది. ఆరో రోజున పప్పులో ఉప్పు కూడా సరిపోయింది.

మా గడపలు: ఒక్కొక్కటీ పదకొండు సున్నాలు. చావిడి గడప: మామూలుగా రోజుకు పన్నెండు. ఈ తొమ్మిది రోజులూ రోజుకు పదహారు వందలకు పైన. మొదటి రెండు రోజులు ఎవరూ వండలేదు, అవి సున్నాలే. రెండు రోజులకు తొమ్మిది రోజుల రూలు రాదు.

అన్ని వరసలూ పెట్టెతో మూడుసార్లు సరిచూశాను.

పదమూడో ఏడు, 33వ రోజు

పుస్తకం జాలీ ముందు పెట్టి ఒక్కటే అడిగాను. "ఈ తొమ్మిది దినాలు మాకు వండిన పొయ్యి ఎవురిది?"

గొంతు వెంటనే జవాబు చెప్పలేదు. పన్నెండేళ్ళలో మొదటిసారి. నేను శేషఫణి వైపు చూశాను, ఆయన కిటికీలోంచి బయటికి చూస్తున్నాడు. గోవిందప్ప మామ ఉగ్గబట్టుకుని నిలబడ్డాడు.

"చావిడి పొయ్యి సర్కారుది" అంది చివరికి. "చావింటికి వండి పెట్టిన పొయ్యి ఆ ఇంటి పొయ్యే. కనుక సర్కారుదీ, అడుగూరుదీ ఒకే పొయ్యి. భూమి నాదంటున్న ఇద్దరూ ఒకే కుటుంబం. ఒకే పొయ్యి మీద తినేవాళ్ళ గొడవ ఈ పీఠం వినదు. పొయ్యి మాట నిలుస్తుంది కనుక ఎకరాల పంపకం చెల్లదు. కేసు మూసివేస్తున్నాను. ఇంట్లో తేల్చుకోండి."

జాలీ వెనక ఎప్పుడూ వెలిగే దీపం ఆరిపోయింది.

ఎవరికీ కదలాలనిపించలేదు. పట్టా రాలేదు. అయిదెకరాలు కాదు, రెండు వందలు కాదు, ఏదీ రాలేదు. వెళ్ళగొట్టడానికి కూడా ఇక ఎవరికీ చేతకాదు. గోవిందప్ప మామ తన రేకు పెట్టె తెరిచి, ఖాళీగా ఉన్న అడుగు చూసి, మళ్ళీ మూశాడు. నవ్వాలో ఏడవాలో తెలియక నా పక్కన కూలబడ్డాడు.

"ఇంట్లో తేల్చుకోమంటాండాది మ్మే. తేల్చుకుందామా?" అన్నాడు శేషఫణి వైపు చూస్తూ.

"ముందు అన్నం తిందామండీ" అన్నాడు శేషఫణి. "ఇవాళ ఎవరింట్లో?"

మా ఇంట్లో అన్నాను. రాయి పొయ్యిలో పెట్టి మొదట టీ కాచాను. ఒక గ్లాసు సుంకమ్మత్త గడప మీద పెట్టి వచ్చాను.

నా గడప, నలభై నాలుగు. సుంకమ్మత్త గడప, సున్నా, చావు. చావిడి గడప, సున్నా, ఆ పూట ఆయన మా ఇంట్లో తిన్నాడు. ఈరోజు నుంచి ఈ పుస్తకంలో నలభై రెండు గడపలు.